అటక మీద మిగిలిపోయిన పెట్టెలు

మూతపడిన మానసిక ఆసుపత్రి అనగానే మనకు దెయ్యాల కథలే గుర్తొస్తాయి. ఆ గోడలు నిజంగా చెప్పే కథ వేరు. అది మన ఇళ్లకూ సంబంధించినదే.

ఇంట్లో పిల్లలు సెల్‌ఫోన్‌లో 'హాంటెడ్ హాస్పిటల్' వీడియోలు చూస్తుంటే మీరూ ఓ కన్ను వేసే ఉంటారు. పెచ్చులూడిన గోడలు, తుప్పు పట్టిన ఇనుప మంచాలు, చీకటి వరండా, వెనకాల ఎవరివో మూలుగులు. ఇలాంటి వీడియోల్లో ఎక్కువగా కనిపించేవి అమెరికాలో మూతపడిన మానసిక వైద్యశాలలే. వెస్ట్ వర్జీనియా రాష్ట్రంలోని వెస్టన్ పట్టణంలో అలాంటిది ఒకటుంది. 1994లో మూతపడింది. ఇప్పుడక్కడ టికెట్టు పెట్టి మరీ రాత్రిపూట దెయ్యాల పర్యటనలు నడుపుతున్నారు. సరదా పడేవాళ్లు క్యూ కడుతున్నారు.

ఆ భవనాన్ని కట్టింది 250 మంది రోగుల కోసం. 1950లలో అందులో ఉన్నది 2,400 మంది. వైద్యుడిగా నన్నడిగితే, అక్కడ భయపడాల్సింది ఈ అంకె చూసి. పది మందికి సరిపడే గదిలో దాదాపు వంద మందిని ఉంచితే అక్కడ వైద్యం జరగదు, కాపలా మాత్రమే జరుగుతుంది.

ఇంతమంది అక్కడికెలా చేరారు? తిరిగి ఇంటికెందుకు వెళ్లలేదు? ఈ ప్రశ్నలకు బాగా జవాబు చెప్పే చోటు ఇంకొకటి ఉంది. న్యూయార్క్ రాష్ట్రంలో, సెనెకా సరస్సు తూర్పు ఒడ్డున ఉన్న విల్లార్డ్ ఆసుపత్రి. దాని కథ కాస్త ఓపిగ్గా వినండి.

400 పెట్టెలు

విల్లార్డ్ 1995లో మూతపడింది. అప్పటికి దాని వయసు 126 ఏళ్లు. మూసివేతకు ముందు ఏది ఉంచాలి, ఏది పారేయాలి అని గదులన్నీ వెతుకుతుంటే, ఒక భవనం అటక మీద సిబ్బందికి 400కు పైగా పెట్టెలు కనిపించాయి. సూట్‌కేసులు, ట్రంకు పెట్టెలు, చేతి సంచులు. అన్నీ చెక్క అరల్లో వరసగా ఉన్నాయి. ఆడవాళ్లవి ఒకవైపు, మగవాళ్లవి ఒకవైపు. పేర్లు అక్షర క్రమంలో. వాటి మీద ఏళ్ల తరబడి పడిన దుమ్ము, పావురాల రెట్టలు.

అవన్నీ 1910 నుంచి 1960ల దాకా అక్కడ చేరిన రోగులవి. చేరిన రోజు వెంట తెచ్చుకున్న సామాను తీసుకుని, పేరు రాసి, అటక మీద పెట్టేవారు. ఇంటికి వెళ్లేరోజు తిరిగి ఇవ్వాలని. వీళ్లకు ఆ రోజు రాలేదు. చాలామంది అక్కడే కన్నుమూశారు. ఆ తర్వాతైనా పెట్టె అడిగి తీసుకెళ్లడానికి ఎవరూ రాలేదు.

పెట్టెల్లో ఏమున్నాయి? కుటుంబ ఫొటోలు, ఉత్తరాలు, కుట్టు సామాను, గడ్డం గీసుకునే బ్రష్షులు, పుస్తకాలు, మంచి బట్టలు. అంటే మనం ఊరెళ్తూ సర్దుకునేవే. వాళ్లు నాలుగు రోజులుండి తిరిగొద్దామనే సర్దుకున్నారు.

న్యూయార్క్ స్టేట్ మ్యూజియం ఆ పెట్టెలను భద్రపరిచి, 2004లో ప్రదర్శనకు పెట్టింది. వాటిని చూసినవాళ్లకు ఒక విషయం అర్థమైంది. కేసు షీటులో 'దీర్ఘకాలిక రోగి' అని ఉన్న మనిషి, పెట్టె తెరిస్తే ఒక నర్సు, ఒక దర్జీ, ఒక సైనికుడు, ఒక తల్లి.

గొలుసులు విప్పడానికే కట్టారు

విల్లార్డ్‌ను చెడ్డ ఉద్దేశంతో ఎవరూ కట్టలేదు. 1860లలో అక్కడి జిల్లాల్లో నిరుపేదల కోసం సత్రాలుండేవి. మతి చలించిన పేదవారిని వాటిలోనే కట్టేసి ఉంచేవారు. సిల్వెస్టర్ విల్లార్డ్ అనే డాక్టర్ ఆ సత్రాల పరిస్థితి మీద వివరాలు సేకరించి, 1865లో ప్రభుత్వానికి నివేదిక ఇచ్చారు. అదే ఏడాది ఆయన మరణించారు. ఆ నివేదిక ఫలితంగా కట్టిన ఆసుపత్రికి ఆయన పేరే పెట్టారు.

1869 అక్టోబరు 13న తొలి రోగి వచ్చింది. పేరు మేరీ రోట్. పదేళ్లుగా ఓ సత్రంలో గొలుసులతో, మంచం కూడా లేకుండా బతికిన మనిషి. విల్లార్డ్‌లో ఆమె సంకెళ్లు విప్పారు. స్నానం చేయించారు, శుభ్రమైన బట్టలు కట్టించారు, అన్నం పెట్టారు. ఆమె నెమ్మదించింది. ఇందులో మందు మాత్ర ఏదీ లేదని గమనించండి. అప్పటికి అలాంటివి పుట్టనే లేదు. మనిషిని మనిషిలా చూడటమే అక్కడ జరిగిన తొలి వైద్యం.

మరి ఎక్కడ చెడింది? 'ఇక నయం కారు' అనుకున్నవాళ్లను పంపే చోటుగా విల్లార్డ్ మొదలైంది. తీసుకెళ్లి దింపి రావడానికి దారి ఉంది, తిరిగి తెచ్చుకునే దారి గురించి ఎవరూ ఆలోచించలేదు. కొన్నేళ్లలోనే రోగుల సంఖ్య 1,500కు చేరింది. ఒక దశలో 4,000 దాకా వెళ్లింది. పొలం, పశువులు, కుట్టుపని, లాండ్రీ అన్నీ రోగులే చూసుకునేవారు. చాలావరకు జీతం లేని పనే. పని వల్ల కొందరికి మేలు జరిగిన మాట నిజం. కానీ పొలం దున్ని, బట్టలుతికి, తోటి రోగులకు సేవ చేయగలిగిన మనిషి ఇంటికెందుకు పోకూడదు? ఆ ప్రశ్న చాలామంది విషయంలో ఎవరూ అడగలేదు.

జబ్బు ఒంట్లో, ముద్ర మనసు మీద

ఫిజీషియన్‌గా నన్ను అన్నిటికన్నా కలచివేసే సంగతి ఇది. ఆనాటి మానసిక ఆసుపత్రుల్లో ఉన్నవారిలో చాలామందికి ఈనాటి లెక్కలో మానసిక జబ్బే లేదు.

సిఫిలిస్ అనే సుఖవ్యాధి చికిత్స లేకుండా వదిలేస్తే, పదీ పదిహేనేళ్లకు మెదడుకు పాకుతుంది. మాట తడబడుతుంది, మతి పోతుంది, లేనిపోని గొప్పలు చెబుతారు, చివరకు కాళ్లూచేతులూ చచ్చుబడతాయి. 20వ శతాబ్దం మొదట్లో మానసిక ఆసుపత్రుల్లో కొత్తగా చేరేవారిలో పదిమందికి ఒకరు, కొన్నిచోట్ల అంతకన్నా ఎక్కువే, ఈ రోగులు. 1913లో వారి మెదడులో సిఫిలిస్ క్రిమి కనిపించింది. 1940లలో పెన్సిలిన్ వచ్చింది. వార్డులకు వార్డులు నింపిన ఆ జబ్బు క్రమంగా అరుదైపోయింది.

రెండోది పెల్లగ్రా. ఒంటి మీద ఎండ తగిలే చోట చర్మం నల్లబడి పొలుసులు లేస్తుంది. విరేచనాలవుతాయి. తర్వాత మతి తప్పుతుంది. మొక్కజొన్నే ముఖ్య ఆహారంగా బతికే అమెరికా దక్షిణ రాష్ట్రాల పేదలు ఈ స్థితిలో మానసిక ఆసుపత్రులకు చేరేవారు. అది అంటురోగం కాదని, తిండిలో లోపమని జోసెఫ్ గోల్డ్‌బెర్గర్ అనే డాక్టర్ నిరూపించారు. ఆ లోపం నయాసిన్ అనే బి విటమిన్‌ది అని 1937లో తేలింది.

ఈ పెల్లగ్రా మనకు దూరపు చుట్టం కాదు. జొన్నలు తప్ప మరో తిండి దొరకని దక్కను పేద రైతు కూలీల్లోనూ ఇది ఉండేది. హైదరాబాద్‌లోని పోషకాహార పరిశోధన సంస్థలో డాక్టర్ కొలుత్తూర్ గోపాలన్, ఆయన సహచరులు 1960 ప్రాంతంలో దీని మీద చేసిన పరిశోధన ప్రపంచానికంతా తెలుసు. ఇది చదివి జొన్నరొట్టె మానేయకండి. పప్పు, పాలు, గుడ్డు, కూర పక్కన ఉంటే జొన్న మంచి ఆహారమే. అప్పటి వాళ్లకు ఆ పక్కనుండేవే లేవు.

మూడోది థైరాయిడ్. ఆ హార్మోన్ బాగా తగ్గిపోతే కొందరిలో అనుమానాలు, భ్రమలు మొదలవుతాయని రిచర్డ్ ఆషర్ అనే బ్రిటిష్ వైద్యుడు 1949లో రాశారు. ఇవాళ ఒక్క రక్త పరీక్షతో బయటపడే సంగతి ఇది. వీటికి తోడు మూర్ఛ రోగులనూ, మతిమరుపుతో ఉన్న వృద్ధులనూ ఆ ఆసుపత్రుల్లోనే పడేసేవారు.

పెట్టెల యజమానుల్లో ఎందరికి ఏ జబ్బో ఇప్పుడు తేల్చలేం. ఒకటి మాత్రం చెప్పగలం. ఒకసారి 'పిచ్చి' అన్న ముద్ర పడ్డాక ఆ మనిషి ఒంట్లో ఏముందో వెతికేవాళ్లు తగ్గిపోతారు. ఆ అలవాటు ఇప్పటికీ పూర్తిగా పోలేదు.

పేరు లేని సమాధులు

విల్లార్డ్ శ్మశానంలో 5,700కు పైగా సమాధులున్నాయి. వాటి మీద పేర్లు లేవు, అంకెలే. మనోవ్యాధితో పోయినవారి పేరు చెక్కితే బతికున్న కుటుంబానికి తలవంపులని అప్పటి ఆలోచన.

ఆ గోతుల్లో 1,500కు పైగా తవ్వింది ఒక రోగే. లారెన్స్ మోకా. తూర్పు ఐరోపా నుంచి వలస వచ్చి న్యూయార్క్‌లో కిటికీ అద్దాలు తుడిచే పని చేసుకున్న మనిషి. 1918లో విల్లార్డ్ చేరాడు. 1968లో, 90 ఏళ్ల వయసులో, అక్కడే పోయాడు. ఏళ్ల తరబడి తోటి రోగులను మట్టిలో కలిపిన ఆయన్నూ పేరు లేకుండానే పూడ్చారు. స్థానికులు పట్టుబట్టి అడగ్గా అడగ్గా, 2015లో ఆయన పేరుతో ఓ ఫలకం పెట్టారు. మిగతా వేలమంది పేర్లు వెల్లడించాలంటే రోగుల వివరాల గోప్యత అడ్డొస్తుందని రాష్ట్ర ప్రభుత్వం అంటూ వచ్చింది.

రోగి రహస్యం కాపాడటం మా వృత్తిలో పెద్ద ధర్మం. కానీ రోగి కోసం దాచడం వేరు, రోగినే దాచేయడం వేరు. మన ఇళ్లలో కూడా ఈ తేడా గుర్తుంచుకోవాలి.

మందులొచ్చాయి, ఇల్లు మాత్రం రాలేదు

1949లో ఆస్ట్రేలియాలో జాన్ కేడ్ లిథియం ప్రభావాన్ని గుర్తించారు. 1952లో పారిస్‌లో క్లోర్‌ప్రొమజైన్ వాడకం మొదలైంది. చెవుల్లో మాటలు వినిపించేవారు, ఎవరో చంపడానికి వస్తున్నారని వణికిపోయేవారు తొలిసారి మందులతో కుదుటపడటం మొదలైంది. 1955లో అమెరికా ప్రభుత్వ మానసిక ఆసుపత్రుల్లో దాదాపు 5,59,000 మంది ఉన్నారు. ఆ తర్వాత ఆ సంఖ్య ఏటా తగ్గుతూ వచ్చింది.

రోగులను పెద్ద ఆసుపత్రుల్లో బంధించొద్దు, వారి ఊళ్లోనే చిన్న వైద్య కేంద్రాలు పెడదాం అని 1963లో అధ్యక్షుడు కెన్నెడీ చట్టం తెచ్చారు. ఆలోచన మంచిదే. కానీ అనుకున్న 1,500 కేంద్రాల్లో దాదాపు సగమే వచ్చాయి. ఆసుపత్రులు ఖాళీ అయ్యాయి. బయటికొచ్చినవారిలో అయినవాళ్లున్నవారు బాగుపడ్డారు. లేనివారిలో చాలామంది రోడ్డున పడ్డారు, జైళ్లకు చేరారు. విల్లార్డ్‌నే చూడండి. ఆసుపత్రి మూసిన 1995లోనే, ఆ ప్రాంగణంలో కొంత భాగాన్ని మత్తుమందుల కేసుల్లో శిక్ష పడినవారిని ఉంచే చికిత్సా కేంద్రంగా మార్చి జైళ్ల శాఖకు ఇచ్చారు. 2022లో అదీ మూతపడింది.

ఆ 126 ఏళ్ల చరిత్రలో నాకు కనిపించే పాఠం ఒక్కటే. గోడలు కట్టినంత మాత్రాన రోగం నయం కాలేదు, గోడలు కూల్చినంత మాత్రానా నయం కాలేదు. నయమైంది వైద్యం, ఆదరించే మనుషులు రెండూ దొరికినవారికి.

మన మాటల్లోనే ఉన్న గోడలు

'నిన్ను ఎర్రగడ్డలో పడేయాలి' అని హైదరాబాద్‌లో అనని వాళ్లుంటారా? విశాఖ వైపైతే వాల్తేరు పేరు చెబుతారు. వాల్తేరులో 1871లో, అంటే విల్లార్డ్ తెరిచిన రెండేళ్లకే, మొదలైన ఆసుపత్రి నేటికీ రోగులను చూస్తూనే ఉంది. ఎర్రగడ్డలోనూ రోజూ ఓపీ నడుస్తోంది. రోగులు వస్తారు, చూపించుకుంటారు, మందులు తీసుకుని ఆ పూటే ఇంటికి వెళతారు. రెండూ వైద్య విద్యార్థులకు పాఠాలు చెప్పే సంస్థలు. అయినా వాటి పేర్లను మనం తిట్లుగా మార్చుకున్నాం. ఫలితం? గుండె నొప్పి వస్తే గంటలో ఆసుపత్రికి తెచ్చేవాళ్లే, మనసుకు జబ్బు చేస్తే ఏళ్లు గడిపేస్తున్నారు. గాలి సోకిందంటారు. పెళ్లి చేస్తే అదే సర్దుకుంటుందంటారు. ఆ మాట నమ్మి చేసిన పెళ్లిళ్లలో ఒకరి బాధ ఇద్దరిదవుతుంది.

మన దగ్గర గొలుసుల కథ కూడా మరీ పాతదేం కాదు. 2001 ఆగస్టు 6న తమిళనాడులోని ఎర్వాడిలో, దర్గా దగ్గర నడిచే ఓ షెడ్డుకు నిప్పంటుకుంది. అందులో కట్టేసి ఉన్న 28 మంది మనోవ్యాధిగ్రస్తులు తప్పించుకోలేక కాలిపోయారు. వాళ్లందరినీ అక్కడ వదిలి వెళ్లింది సొంత కుటుంబాలే. రాక్షసత్వంతో కాదు. ఏం చేయాలో తెలియక.

అందుకే ఇప్పుడు ఏం చేయవచ్చో తెలుసుకోవడం ముఖ్యం. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ప్రకారం రోగిని ఏ రూపంలోనూ గొలుసులతో కట్టేయకూడదు. మత్తు ఇవ్వకుండా కరెంటు షాకు చికిత్స చేయకూడదు. కుటుంబం లేదనో, ఇంట్లోవాళ్లు రానివ్వడం లేదనో అన్న ఒక్క కారణంతో ఎవరినీ ఆసుపత్రిలోనే ఉంచేయకూడదు. ఒంటి జబ్బుల్లాగే మానసిక జబ్బులకూ బీమా కంపెనీలు వైద్య బీమా ఇవ్వాలి. ఈ చివరిది చాలామందికి తెలియదు. మీ పాలసీ కాగితాలు ఒకసారి తీసి చూడండి.

మీ ఇంట్లో అయితే

జాతీయ మానసిక ఆరోగ్య సర్వే 2015-16లో తేల్చినదాని ప్రకారం, మన దేశంలో పెద్దల్లో వందకు పది మందికి పైగా ఏదో ఒక మానసిక సమస్యతో ఉన్నారు. అంటే మన చుట్టాల్లో, మన అపార్టుమెంటులో ఎవరో ఒకరు ఉన్నట్టే. అది మన ఇల్లే కావచ్చు. ఈ సంగతులు గుర్తుపెట్టుకోండి.

నిన్నటిదాకా బాగున్న మనిషి, ముఖ్యంగా పెద్దవాళ్లు, ఒకటి రెండు రోజుల్లోనే అయోమయంగా మాట్లాడటం, మనుషులను గుర్తుపట్టకపోవడం, రాత్రంతా కలవరించడం మొదలుపెడితే ముందు అది ఒంటి జబ్బే అనుకోండి. మూత్రంలో ఇన్‌ఫెక్షన్, సోడియం తగ్గడం, షుగర్ పడిపోవడం, మెదడు పొరల వాపు, తలకు దెబ్బ, కొత్తగా మొదలుపెట్టిన మందు, ఏదైనా కారణం కావచ్చు. మన పెద్దలు సంధి ప్రేలాపన అన్నది దీన్నే. ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి తీసుకెళ్లాలి.

మార్పు నెలల తరబడి నెమ్మదిగా వస్తే థైరాయిడ్, బి12 వంటి పరీక్షలు చేయించమని డాక్టర్‌ను అడగండి. అవి సరిగా ఉంటే సైకియాట్రిస్టు దగ్గరికి వెళ్లడానికి మొహమాటపడకండి.

కాన్పయిన రెండు మూడు వారాల్లోపు బాలింత నిద్రపోకుండా, పొంతన లేని మాటలు మాట్లాడుతూ, బిడ్డ గురించి వింత భయాలు చెబుతుంటే అది అత్యవసరం. తల్లినీ బిడ్డనూ ఒంటరిగా వదలొద్దు. అదే రోజు డాక్టర్‌కు చూపించాలి. చికిత్సతో చాలామంది పూర్తిగా కోలుకుంటారు.

చదువుకునే వయసు పిల్లలు స్నేహితులను వదిలేసి గదికే పరిమితమైనా, తమలో తాము మాట్లాడుకుంటున్నా, అందరూ తమ గురించే చెప్పుకుంటున్నారని అనుమానిస్తున్నా బద్ధకమనీ, పొగరనీ కొట్టిపారేయకండి. స్కిజోఫ్రీనియా వంటి జబ్బులు ఎక్కువగా ఈ వయసులోనే మొదలవుతాయి. ఎంత త్వరగా మందులు మొదలుపెడితే అంత తక్కువ నష్టం.

మందులు మొదలుపెట్టాక, బాగుందని సొంతంగా ఆపేయకండి. డిప్రెషన్ మందులు పని చూపడానికే రెండు నుంచి నాలుగు వారాలు పడుతుంది. బీపీ మాత్రలు వాడేవారిని మనం చులకన చేయం. ఇదీ అంతే.

ఎవరైనా చచ్చిపోవాలనుంది అంటే బెదిరిస్తున్నారని తీసిపారేయకండి. పక్కనే కూర్చోండి, చెప్పేది వినండి, ఒంటరిగా వదలకండి, డాక్టర్‌కు చూపించండి. 14416కు ఫోన్ చేస్తే కేంద్ర ప్రభుత్వ టెలి మానస్ సేవలో తెలుగులోనే మాట్లాడవచ్చు. రాత్రీ పగలూ ఉంటుంది. డబ్బు కట్టక్కర్లేదు.

చివరగా ఒకటి. జబ్బు ముదిరి మీవాళ్లను కొన్నాళ్లు ఆసుపత్రిలో చేర్చాల్సి వస్తే, చేర్చండి. అందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. కానీ వారం వారం వెళ్లి చూడండి. ఫోన్‌లో మాట్లాడండి. పండగకు కొత్త బట్టలు తీసుకెళ్లండి. ఇంట్లో వాళ్ల మంచం, వాళ్ల కంచం అలాగే ఉంచండి. డాక్టర్ ఇంటికి పంపుతాం అన్న రోజున ఎవరు రావాలో ముందే అనుకోండి. వాళ్లు వెంట తీసుకెళ్లిన పెట్టె, వాళ్లతోపాటే ఇంటికి తిరిగి రావాలి.